పాత బోర్డు, కొత్త ప్రాసెసర్: బయోస్ అప్‌డేట్‌తో నా అనుభవం

"బయోస్ జోలికి పోవద్దు" అని కంప్యూటర్ షాపుల్లో చెప్పే మాటలో అబద్ధమేమీ లేదు. బయోస్ అంటే కంప్యూటర్ ఆన్ కాగానే విండోస్ కంటే ముందు నడిచే, మదర్‌బోర్డు మీది ప్రోగ్రామ్. బాగా నడుస్తున్న సిస్టమ్‌లో బయోస్ మార్చినంత మాత్రాన వేగం పెరిగిపోదు. తేడా కొడితే మాత్రం స్క్రీన్ మీద ఒక్క అక్షరం కూడా రాదు. 2018లో సిస్టమ్ కట్టించుకున్నప్పటి నుంచి నేనూ ఆ మాట మీదే ఉన్నాను. పోయిన ఆషాఢంలో ఇక తప్పలేదు.

నాది ఖమ్మంలో పెళ్ళి ఆల్బమ్‌లు డిజైన్ చేసే పని. ఫొటోగ్రాఫర్లు తెచ్చిచ్చిన వేల ఫొటోల్లోంచి ఏరి, రంగులు సరిచేసి, 12×36 కరిజ్మా షీట్లుగా పేర్చి ల్యాబ్‌కి పంపిస్తాను. నా సిస్టమ్‌లో ఉన్నది రైజెన్ 5 2600 ప్రాసెసర్, గిగాబైట్ బీ450ఎం డీఎస్3హెచ్ మదర్‌బోర్డు. కొన్న కొత్తలో దాన్ని చూసి మా ఫొటోగ్రాఫర్లు ముచ్చటపడేవాళ్ళు. ఇప్పుడొస్తున్న కెమెరాల్లో రా (RAW) ఫైలు ఒక్కోటి యాభై అరవై ఎంబీ ఉంటోంది. ముహూర్తాల సీజన్‌లో లైట్‌రూమ్‌లో ఎక్స్‌పోర్ట్ పెట్టి, అది అయ్యేదాకా ఫోన్‌లో పార్టీలకి సర్దిచెప్పుకుంటూ కూర్చోవడమే సరిపోతోంది.

కొత్త సిస్టమ్ కొనాలంటే బోర్డు, ర్యామ్, ప్రాసెసర్ మూడూ మార్చాలి. అంత ఖర్చు అప్పుడే వద్దనుకున్నాను. మంచి సంగతేమిటంటే రైజెన్‌లు చేసే ఏఎమ్‌డీ వాళ్ళ ఏఎం4 సాకెట్, అంటే బోర్డు మీద ప్రాసెసర్ కూర్చునే చోటు, చాలా ఏళ్ళు బతికింది. 2022 ఏప్రిల్‌లో వచ్చిన రైజెన్ 5 5600 కూడా నా పాత బోర్డులోనే కూర్చుంటుంది. అది కూడా 65 వాట్లదే కాబట్టి ఈ చిన్న బోర్డు మీద భారం పెరగదు. ఎనిమిది కోర్లవి, పన్నెండు కోర్లవి కూడా ఈ సాకెట్‌లో పడతాయి కానీ, వాటిలో ఎక్కువ కరెంటు లాగే వాటిని ఈ బోర్డులో పెట్టి గంటల తరబడి ఎక్స్‌పోర్ట్ చేయించడం నాకిష్టం లేదు.

మెలిక అంతా బయోస్ దగ్గరే ఉంది. 2018 నాటి బయోస్‌కి 5600 అనే ప్రాసెసర్ ఒకటుందనే తెలియదు. ప్రాసెసర్‌ని నిద్రలేపి, మెమరీని సరిచేసి పనిలో పెట్టే కోడ్‌ని ఏఎమ్‌డీ "అజీసా" అనే పేరుతో బోర్డు కంపెనీలకి ఇస్తుంది. వాళ్ళు దాని చుట్టూ తమ మెనూలు కట్టి బయోస్‌గా విడుదల చేస్తారు. ఇదంతా బోర్డు మీద ఎనిమిది కాళ్ళున్న ఒక చిన్న చిప్‌లో ఉంటుంది. నా తరం బోర్డుల్లో చాలావాటికి ఆ చిప్ 16 ఎంబీదే. ఈ 16 ఎంబీ మీద పెద్ద గొడవే నడిచింది. అన్ని తరాల ప్రాసెసర్ల కోడ్‌కి ఇందులో చోటు చాలదని, బీ450 బోర్డులకి 5000 సిరీస్ సపోర్ట్ ఇవ్వబోమని ఏఎమ్‌డీ 2020 మే మొదట్లో చెప్పింది. వాడేవాళ్ళు గట్టిగా అడగడంతో ఆ నెలలోనే మాట మార్చుకుని ఇస్తామంది. అలా ఇవ్వబట్టే నాకీ అవకాశం దొరికింది.

సికింద్రాబాద్ పార్క్‌లేన్‌లో కంప్యూటర్ షాపులుండే సీటీసీలో ప్రాసెసర్ కొన్నాను. షాపతను బిల్లు కొడుతూనే అడిగాడు.

"ఏ బోర్డన్నా మీది?"

చెప్పాను.

"బయోస్ చేయించారా? చేయించకుండా పెడితే డిస్‌ప్లే రాదు. మీలాంటివాళ్ళు మళ్ళీ ఇంత దూరం వచ్చి పీస్ డెడ్ అని నా మీద గొడవ చేస్తారు."

అతను చెప్పింది నిజం. ముందు పాత ప్రాసెసర్ ఉండగానే బయోస్ అప్‌డేట్ చేయాలి, తర్వాతే కొత్తది పెట్టాలి. కొన్ని బోర్డులకి వెనకవైపు ఫ్లాష్ బటన్ ఉంటుంది. ప్రాసెసర్, ర్యామ్ ఏవీ లేకపోయినా పెన్‌డ్రైవ్ పెట్టి ఆ బటన్ నొక్కితే బయోస్ ఎక్కేస్తుంది. నా బోర్డుకి ఆ బటన్ లేదు. బోర్డు తెచ్చిస్తే తనే ఫ్లాష్ చేసి ఇస్తానన్నాడు షాపతను. బోర్డు ఊడదీసి బస్సులో సికింద్రాబాద్ మోసుకురావడం కంటే ఇంట్లో చేసుకోవడమే తక్కువ ప్రమాదమనిపించింది.

మా బామ్మర్ది బెంగళూరులో సర్వర్ల మెయింటెనెన్స్ చేస్తాడు. ఫోన్ చేసి, కరెంటు పోతే ఎలా అని నా టెన్షన్ అంతా చెప్పుకున్నాను. అతను అసలు కరెంటు సంగతే ఎత్తలేదు.

"ఫ్లాషింగ్‌కేముంది బావా, అది మెషీనే చేసుకుంటుంది. నీ డిస్క్ ఎన్‌క్రిప్ట్ అయి ఉందా, లేదా? అది చూశావా ముందు?"

"నేనేం ఎన్‌క్రిప్ట్ చేయలేదు."

"నువ్వు చేయక్కర్లేదు బావా. విండోస్ 11 ఫ్రెష్‌గా వేశావు కదా, అదే చేసి ఉంటుంది. సెట్టింగ్స్‌లో చూడు."

చూస్తే నిజమే. విండోస్ 10కి 2025 అక్టోబర్ 14తో సపోర్ట్ ఆగిపోతుందని ముందుగానే విండోస్ 11 వేయించాను. దాని 24హెచ్2 వెర్షన్ నుంచి, మైక్రోసాఫ్ట్ అకౌంట్‌తో కొత్తగా ఇన్‌స్టాల్ చేస్తే చాలా సిస్టమ్‌లలో డివైస్ ఎన్‌క్రిప్షన్, అంటే డిస్క్‌లోని డేటాకి తాళం వేయడం, దానంతటదే ఆన్ అవుతుంది. సెట్టింగ్స్‌లో ప్రైవసీ అండ్ సెక్యూరిటీ కింద డివైస్ ఎన్‌క్రిప్షన్ అని ఉంది, ఆన్‌లోనే ఉంది. ఆ డ్రైవ్‌లో మూడు పెళ్ళిళ్ళ పని సగంలో ఉంది.

దీనికీ బయోస్‌కీ సంబంధం ఏమిటంటే, డిస్క్ తాళంచెవిని విండోస్ టీపీఎం అనే భాగంలో దాస్తుంది. రైజెన్ సిస్టమ్‌లలో విడిగా టీపీఎం చిప్ లేకపోయినా ప్రాసెసర్, బయోస్ కలిసి ఆ పని చేస్తాయి. దాన్నే ఎఫ్‌టీపీఎం అంటారు. బయోస్ మారినా, ఆ సెట్టింగ్ ఆఫ్ అయినా, ముఖ్యంగా ప్రాసెసర్ మారినా, విండోస్ ఆ తాళంచెవి దొరక్క 48 అంకెల రికవరీ కీ అడుగుతుంది. కీ లేకపోతే డిస్క్‌లో ఉన్నదంతా ఉండీ లేనట్టే. ఫ్లాషింగ్ మధ్యలో కరెంటు పోయి బోర్డు చచ్చిపోతే ఇంకో బోర్డు కొనుక్కోవచ్చు. ఆ పెళ్ళి ఫొటోలు మాత్రం ఎక్కడా కొనుక్కోలేం. నేను ఇన్నాళ్ళూ భయపడాల్సిన దాన్ని వదిలేసి వేరేదానికి భయపడుతున్నానని అప్పుడర్థమైంది.

రెండు పనులు చేశాను. మైక్రోసాఫ్ట్ అకౌంట్‌లోకి ఫోన్ నుంచి లాగిన్ అయి, రికవరీ కీ పేజీలో ఆరేసి అంకెల ఎనిమిది గుంపులుగా ఉన్న ఆ కీని కాగితం మీద రాసుకున్నాను. దాని పక్కనే ఉండే కీ ఐడీని కూడా రాసుకోవడం మంచిది. ఒకే అకౌంట్ మీద పాత ల్యాప్‌టాప్‌ల కీలు కూడా కనిపిస్తాయి, ఏది దేనిదో తర్వాత తెలియదు. ఆ తర్వాత ఎన్‌క్రిప్షన్ పూర్తిగా ఆఫ్ చేశాను. ఊరికే తాత్కాలికంగా ఆపి పెట్టే దారి కూడా ఉంది, ఒక్క బయోస్ అప్‌డేట్‌కైతే అది చాలు. నేను ప్రాసెసర్ కూడా మారుస్తున్నాను కాబట్టి డిస్క్‌ని పూర్తిగా విప్పేయడమే నయమనుకున్నాను. ఆఫ్ నొక్కగానే అయిపోదు, డేటా అంతటినీ తిరిగి రాయాలి. పొద్దున నొక్కితే భోజనాల వేళకి పూర్తయింది. పెళ్ళిళ్ళ ఫోల్డర్లన్నీ విడిగా ఒక ఎక్స్‌టర్నల్ హార్డ్‌డిస్క్‌లోకి ఎక్కించి, దాన్ని సిస్టమ్ నుంచి పీకి బీరువాలో పెట్టాను.

తర్వాత బోర్డు సంగతి. విండోస్‌లో సిస్టమ్ ఇన్ఫర్మేషన్ తెరిస్తే బోర్డు పేరు, బయోస్ వెర్షన్ కనిపిస్తాయి. నాది ఎఫ్2, బాగా పాతది. బోర్డు రివిజన్ ఎంత అన్నచోట మాత్రం "x.x" అని ఉంది. గిగాబైట్ బోర్డుల్లో ఇది మామూలే. డీఎస్3హెచ్ పేరుతోనే వీ2 అని ఒకటి, వైఫై అని ఒకటి ఉన్నాయి. పేర్లు ఒకేలా ఉన్నా బయోస్ ఫైళ్ళు వేరు. కాబట్టి క్యాబినెట్ పక్క పలక తీసి, టార్చ్ వేసి చూశాను. దుమ్ము తుడిస్తే బోర్డు మూలన తెల్లటి సన్నక్షరాల్లో "రెవ్ 1.0" కనిపించింది. దానికో ఫొటో తీసి పెట్టుకున్నాను. ఇన్‌వాయిస్ మీద ఉన్న పేరుని, కొన్న డబ్బా మీద ఉన్న స్టిక్కర్‌ని నమ్మకుండా బోర్డునే చూడమని ఎవరికైనా చెబుతాను. రిపేరుకి వెళ్ళొచ్చిన సిస్టమ్‌లలో డబ్బా ఒకటి, బోర్డు ఒకటి ఉండడం నేను చూశాను.

కంపెనీ సపోర్ట్ పేజీలో ఆ రివిజన్ ఎంచుకుంటే వెర్షన్ల జాబితా వచ్చింది. అందరూ చేసేదేమిటంటే, అన్నిటికంటే పైన ఉన్నది డౌన్‌లోడ్ చేసుకుని వేసేయడం. నా బోర్డుకి అలా కుదరదు. ఎఫ్40 దగ్గర గమనిక ఉంది: క్యూ-ఫ్లాష్‌తో (బయోస్ మెనూలోనే ఉండే అప్‌డేట్ టూల్) చేసేవాళ్ళు ముందు ఎఫ్31 వేసుకుని ఉండాలి. ఎఫ్40 వేసేముందు ఈసీ ఫర్మ్‌వేర్ అప్‌డేట్ టూల్ అనేదాన్ని కూడా నడపాలి, లేకపోతే నాలుగు ర్యామ్‌లు పెట్టినప్పుడు కొత్త ప్రాసెసర్లతో పేచీ రావచ్చు. ఎఫ్60 సిరీస్‌లోని ఒక వెర్షన్ దగ్గర ఇంకో మాట ఉంది: భద్రతా కారణాల వల్ల ఇది వేశాక వెనకటి వెర్షన్‌కి పోవడం కుదరదు. ఇవన్నీ ఒక్కో వెర్షన్ పక్కన చిన్న అక్షరాల్లో రాసి ఉంటాయి. మన వెర్షన్ నుంచి మనకి కావలసిన వెర్షన్ దాకా మధ్యలో ఉన్న ప్రతి గమనికనీ చదవాలి. బస్సు రూటు చూసుకున్నట్టే, ఎక్కడ దిగి ఎక్కడ మారాలో ముందే కాగితం మీద రాసుకున్నాను: ఎఫ్2 నుంచి ఎఫ్31, తర్వాత ఈసీ టూల్, ఎఫ్40, అక్కడి నుంచి చివరి వెర్షన్.

చివరి వెర్షన్ ఏదన్నది కూడా కాస్త ఆలోచించాను. గిగాబైట్‌లో అంకె పక్కన చిన్న ఇంగ్లీషు అక్షరం ఉంటే అది బీటా. పని చేసుకునే సిస్టమ్ మీద బీటా ఎందుకని వాటిని పక్కన పెట్టాను. అలాగని 5600ని గుర్తుపట్టే మొట్టమొదటి వెర్షన్‌తో కూడా ఆగలేదు. విండోస్ 11లో ఎఫ్‌టీపీఎం వల్ల అప్పుడప్పుడు సిస్టమ్ ఒక క్షణం బిగుసుకుపోయే సమస్య ఉండేది. మౌస్ ఆగుతుంది, పాట గీరినట్టు వినిపిస్తుంది, మళ్ళీ మామూలవుతుంది. ఏఎమ్‌డీ 2022 మార్చిలో దీన్ని ఒప్పుకుని, ఆ మే నుంచి వచ్చే బయోస్‌లలో సరిచేస్తామంది. ఆ మరమ్మతు అజీసా 1.2.0.7తో వచ్చింది. కాబట్టి దాని తర్వాతి వెర్షన్ ఎంచుకున్నాను.

డౌన్‌లోడ్ కంపెనీ సైట్ నుంచి తప్ప ఇంకెక్కడి నుంచీ వద్దు. వీడియోల కింద పెట్టే డ్రైవ్ లింకులు ఎంత మంచివాడు పెట్టినా సరే. ఎనిమిది జీబీ పెన్‌డ్రైవ్‌ని ఫ్యాట్32లో ఫార్మాట్ చేసి, జిప్ విప్పి, లోపలి ఫైళ్ళని వెర్షన్ పేరుతో ఫోల్డర్లలో పెట్టాను. బయోస్ ఫైలు చివర ఎక్స్‌టెన్షన్ స్థానంలో వెర్షన్ నంబరే ఉంటుంది, విండోస్ దాన్ని గుర్తుపట్టదు. తెరవడానికి ప్రయత్నించకూడదు, పేరు మార్చకూడదు.

ఇక కరెంటు. మాకు ఇన్వర్టర్ ఉంది. ఇన్వర్టర్ ఉంటే చాలని చాలామంది అనుకుంటారు. కరెంటు పోయినప్పుడు అది బ్యాటరీకి మారడానికి కొన్ని మిల్లీసెకన్లు తీసుకుంటుంది. ఆ కాసేపు కంప్యూటర్‌ని నిలబెట్టాల్సింది క్యాబినెట్‌లోని పవర్ సప్లై, అంటే ఎస్‌ఎంపీఎస్. దానికి ఉన్న ఏటీఎక్స్ ప్రమాణం ప్రకారం అది కరెంటు లేకుండా నిలబెట్టాల్సింది 16, 17 మిల్లీసెకన్లే. ఫ్యాన్లకీ లైట్లకీ ఆ తేడా తెలియదు, కంప్యూటర్‌కి తెలుస్తుంది. చాలా ఇన్వర్టర్ల వెనక ఒక చిన్న స్విచ్ ఉంటుంది. ఒకవైపు యూపీఎస్ మోడ్, ఇంకోవైపు నార్మల్ లేదా ఎకో. యూపీఎస్ వైపు ఉంటే త్వరగా మారుతుంది.

ఇది మాటలతో తేలేది కాదని పరీక్ష పెట్టాను. కంప్యూటర్‌ని విండోస్‌లోకి పోనివ్వకుండా బయోస్ మెనూలో నిలిపాను. అక్కడ డిస్క్ మీద గానీ చిప్ మీద గానీ ఏదీ రాయడం జరగదు, కాబట్టి ఆగిపోయినా నష్టం లేదు. మా అబ్బాయిని మెయిన్ దగ్గర నిలబెట్టి "ఇప్పుడు దించు" అన్నాను. టక్‌మని ఇన్వర్టర్ శబ్దం, స్క్రీన్ నల్లగా అయింది, రెండు క్షణాల్లో మళ్ళీ కంపెనీ లోగో. రీస్టార్ట్ అయిపోయింది. ఇన్వర్టర్ వెనక చెయ్యి పెట్టి చూస్తే స్విచ్ నార్మల్ వైపు ఉంది. యూపీఎస్ వైపు మార్చి మళ్ళీ దించమన్నాను. ఈసారి స్క్రీన్ రెప్ప వేయలేదు. వాడు సరదాపడి టకటకా దించుతూ ఎత్తుతూ ఉంటే కోప్పడాల్సి వచ్చింది కానీ, సిస్టమ్ మాత్రం కదల్లేదు. బ్యాటరీకి డిస్టిల్డ్ వాటర్ చూసి, ఇంట్లో ఫ్రిజ్ ఆ ఇన్వర్టర్ మీద లేదని నిర్ధారించుకున్నాను. వానాకాలం కాబట్టి పనుల కోసం లైన్ ఆపడం, అంటే ఎల్‌సీ, ఏమైనా ఉందేమోనని లైన్‌మన్‌కి కూడా ఫోన్ చేశాను.

"ఇవాళ ఎల్‌సీ ఏమన్నా ఉందా అన్నా?"

"పొద్దున మీ వెనక వీధిలో కొమ్మలు కొట్టిస్తున్నం సార్. పదకొండు దాటినంక ఏం లేదు."

పదకొండున్నరకి కూర్చున్నాను.

ముందు పాత బయోస్‌లోని సెట్టింగులన్నీ ఫోన్‌తో ఫొటోలు తీశాను. ర్యామ్ ప్రొఫైల్, ఫ్యాన్ వేగాలు, బూట్ వరుస, సెక్యూర్ బూట్, సీఎస్ఎమ్, ఎఫ్‌టీపీఎం. బయోస్‌లో సెట్టింగులు ప్రొఫైల్‌గా దాచుకునే సదుపాయం ఉంటుంది గానీ, పాత వెర్షన్‌లో దాచింది కొత్త వెర్షన్‌లో పనికొస్తుందని నమ్మకం పెట్టుకోకూడదు. పెన్‌డ్రైవ్‌ని వెనకవైపు, నేరుగా బోర్డు మీద ఉన్న యూఎస్‌బీ పోర్టులో పెట్టాను. ముందు పోర్టులు సన్నటి వైరు మీద వస్తాయి, కాస్త కదిలినా కనెక్షన్ పోతుంది. విండోస్‌లో నుంచే బయోస్ మార్చే సాఫ్ట్‌వేర్లు ఉన్నాయి. వాటిని నేను వాడను. వెనకాల యాంటీవైరస్ ఏం చేస్తోందో, విండోస్ అప్‌డేట్ ఎప్పుడు రీస్టార్ట్ చేస్తుందో ఎవరు చూడొచ్చారు?

బయోస్‌లో ఎఫ్8 నొక్కితే క్యూ-ఫ్లాష్ తెరుచుకుంది. అప్‌డేట్ అన్నచోట పెన్‌డ్రైవ్‌లోని ఎఫ్31 ఫైలు చూపించాను. మొదలుపెట్టమంటారా అని అడిగింది. ఎంటర్ కొట్టాను.

ముందు చెరపడం, తర్వాత రాయడం, ఆ తర్వాత రాసింది సరిచూడడం. ఒక్కో గీత నిండుతూ పోయింది. చెరిపే గీత నిండేటప్పుడే గుండె దడ ఎక్కువ, ఎందుకంటే ఆ క్షణంలో చిప్‌లో పాతదీ లేదు, కొత్తదీ లేదు. కీబోర్డు మీద చెయ్యి పడకుండా కుర్చీ వెనక్కి జరిపి కూర్చున్నాను. నిమిషాల్లో అయిపోయింది, దానంతటదే రీస్టార్ట్ అయింది.

అసలు భయం పుట్టించేది ఆ తర్వాతి ఘట్టం, దాని గురించి ఎవరూ ముందు చెప్పరు. స్క్రీన్ నల్లగా ఉంది. ఫ్యాన్ తిరిగింది, ఆగింది, మళ్ళీ తిరిగింది. కీబోర్డు లైట్లు వెలిగి ఆరిపోయాయి. కొత్త బయోస్ ర్యామ్‌తో లెక్కలు కుదుర్చుకుంటూ ఇలా ఒకటికి రెండుసార్లు లేచి పడుకుంటుంది. తెలియనివాళ్ళు అక్కడే కంగారుపడి పవర్ బటన్ నొక్కి పట్టుకుంటారు. బామ్మర్ది ముందే చెప్పాడు: "నల్ల స్క్రీన్ వస్తే లేచి బయటికెళ్ళు బావా, పావుగంట దాకా దాని మొహం చూడకు." వెళ్ళలేదు గానీ చేతులు కట్టుకుని కూర్చున్నాను. లోగో వచ్చింది. కింద సెట్టింగులు డిఫాల్ట్‌కి మారాయన్న ఇంగ్లీషు వాక్యం కూడా వచ్చింది.

అక్కడి నుంచి మిగతాది సాఫీగానే సాగింది. విండోస్‌లోకి వెళ్ళి ఈసీ టూల్ నడిపాను, అది విండోస్‌లో నుంచే నడుస్తుంది, వేరే దారి లేదు. తర్వాత ఎఫ్40, దాని తర్వాత చివరిది. ప్రతి వెర్షన్ తర్వాత బయోస్‌లోకి వెళ్ళి ఆప్టిమైజ్డ్ డిఫాల్ట్స్ లోడ్ చేసి, ఒకసారి విండోస్ దాకా పోయి, వెర్షన్ నంబర్ మారిందో లేదో చూసుకుని వెనక్కి వచ్చాను.

ప్రాసెసర్ మాత్రం ఆ రోజే మార్చలేదు. పాత ప్రాసెసర్ మీదే కొత్త బయోస్‌తో మర్నాడంతా పని చేసుకున్నాను. రెండూ ఒకేసారి మార్చి, ఏదైనా తిక్క చేస్తే అది బయోస్ వల్లా, ప్రాసెసర్ వల్లా, కూలర్ కింద ఉండే థర్మల్ పేస్ట్ వల్లా అని తేల్చుకోలేం. ఏమీ తిక్క చేయలేదు.

ప్రాసెసర్ మార్చేముందు ఒక పెద్ద ఎక్స్‌పోర్ట్ నడిపి వేడెక్కించి, షట్‌డౌన్ చేసి, ప్లగ్ పీకాను. ఏఎం4 ప్రాసెసర్లకి కాళ్ళు కిందవైపు ఉంటాయి. ఎండిపోయిన పేస్ట్‌తో కూలర్‌ని నిలువుగా లాగితే ప్రాసెసర్ సాకెట్‌లోంచి పీక్కుని వచ్చేస్తుంది, కాళ్ళు వంగుతాయి. వేడి మీద ఉండగా స్క్రూలు విప్పి, కూలర్‌ని కొద్దిగా అటూ ఇటూ తిప్పుతూ తీస్తే సులువుగా ఊడొస్తుంది. మూలన ఉన్న బంగారు రంగు త్రికోణం గుర్తు చూసి 5600ని పెట్టాను. దాంతోపాటు వచ్చిన కూలర్‌కి పేస్ట్ ముందే పూసి ఉంది.

ఆన్ చేయగానే నల్ల తెర మీద తెల్ల అక్షరాల్లో ఒక ప్రశ్న వచ్చింది. కొత్త ప్రాసెసర్ పెట్టారు, ఎఫ్‌టీపీఎంలోని పాత సమాచారం దీనికి సరిపోవడం లేదు. రీసెట్ చేయాలంటే వై నొక్కండి, బిట్‌లాకర్ లాంటి ఎన్‌క్రిప్షన్ ఉంటే రికవరీ కీ లేకుండా సిస్టమ్ బూట్ కాదు. ఎన్ నొక్కితే పాత సమాచారం అలాగే ఉంటుంది, కొత్త ప్రాసెసర్‌లో ఎఫ్‌టీపీఎం పని చేయదు, పాత ప్రాసెసర్ తిరిగి పెడితే మళ్ళీ దొరుకుతుంది. సారాంశం ఇదీ. ఎన్‌క్రిప్షన్ ఆఫ్ చేసి ఉన్నాను కాబట్టి నిశ్చింతగా వై నొక్కాను. ఈ ప్రశ్న దగ్గర సంగతేమిటో తెలియకుండా వై కొట్టి, కీ కోసం రాత్రంతా పాత మెయిల్ ఐడీలు వెతుక్కున్నవాళ్ళు నాకు తెలిసినవాళ్ళలోనే ఉన్నారు. తెలియకపోతే ఎన్ నొక్కడం మంచిది, దానికి వెనక్కి దారి ఉంది.

విండోస్ వచ్చింది గానీ నా పిన్ ఒప్పుకోలేదు, మళ్ళీ సెట్ చేసుకోమంది. పిన్ కూడా టీపీఎంకే కట్టేసి ఉంటుంది కదా. అకౌంట్ పాస్‌వర్డ్ గుర్తుంది కాబట్టి రెండు నిమిషాల్లో అయిపోయింది. రోజూ నాలుగంకెల పిన్‌తో తెరిచే అలవాటులో అసలు పాస్‌వర్డ్ మర్చిపోయినవాళ్ళు దాన్ని ముందే ఫోన్‌లో ఒకసారి సరిచూసుకోవాలి. విండోస్ యాక్టివేషన్‌కి ఏమీ కాలేదు, బోర్డు మారలేదు కాబట్టి.

తర్వాత ఫోన్‌లోని ఫొటోలు ముందు పెట్టుకుని సెట్టింగులు ఒక్కొక్కటే సరిచేశాను. సెక్యూర్ బూట్ ఆన్, సీఎస్ఎమ్ ఆఫ్. ఫ్యాన్ వేగం తగ్గించాను, లేకపోతే డిఫాల్ట్‌లో అది గాలివానలా మోగుతోంది. అందరూ వదిలేసేది ర్యామ్ వేగం. నాది 3200 ర్యామ్. బయోస్ డిఫాల్ట్‌కి మారాక 2400కి పడిపోయింది. సిస్టమ్ ఏ ఎర్రరూ చూపించదు, మామూలుగానే నడుస్తుంది. టాస్క్ మేనేజర్‌లో మెమరీ మీద నొక్కితే వేగం కనిపిస్తుంది. బయోస్‌లో ఎక్స్ఎంపీ ప్రొఫైల్ మళ్ళీ ఆన్ చేస్తేనే 3200 వస్తుంది. అప్‌డేట్ చేశాక స్లో అయిందని తిట్టుకునేవాళ్ళలో చాలామంది ఇది చూసుకోనివాళ్ళే.

అన్నీ కుదిరాక ఎన్‌క్రిప్షన్ మళ్ళీ ఆన్ చేశాను. ఈసారి కీ కొత్తది వస్తుంది, పాత కాగితం పనికిరాదు. చించేసి కొత్తది రాసి బీరువాలో పెట్టాను. శ్రావణం మొదటి ముహూర్తాల ఫొటోలు వచ్చినప్పుడు చూస్తే, ఎక్స్‌పోర్ట్‌కి పట్టే సమయం దాదాపు మూడో వంతు తగ్గింది. ఫొటోషాప్‌లో ఇరవై లేయర్ల షీట్ తెరిచినప్పుడు వచ్చే తడబాటు కూడా పోయింది.

ఒకవేళ ఫ్లాషింగ్ ఫెయిలై ఉంటే ఏం చేసేవాడినని అడుగుతారేమో. చిప్ కాళ్ళకి క్లిప్ తగిలించి, సీహెచ్341ఏ అనే చిన్న ప్రోగ్రామర్‌తో వేరే కంప్యూటర్ నుంచి బయోస్ రాయించేవాడిని. సీటీసీలో షాపతను బోర్డు తెమ్మన్నదీ ఆ ధైర్యంతోనే. దాన్ని ఆన్‌లైన్‌లో చవగ్గా కొని ఇంట్లో చేయాలనుకునేవాళ్ళు చిప్ మీద నంబర్ చూసి, అది 3.3 వోల్టులదో 1.8 వోల్టులదో తేల్చుకున్నాకే క్లిప్ పెట్టాలి. ఎక్కువ వోల్టేజీ ఇస్తే చిప్ కాలిపోతుంది.

మిగిలిపోయిన 2600ని సత్తుపల్లిలో ఉండే ఒక ఫొటోగ్రాఫర్ మిత్రుడు అడిగాడు. అతనిది ఏ320 బోర్డు, మీద ఏ8-9600 ప్రాసెసర్ ఉంది. "బయోస్ లేటెస్ట్‌ది వేసేసి ఉంచుతా తమ్ముడూ, నువ్వొచ్చి ప్రాసెసర్ పెట్టు" అన్నాడు ఉత్సాహంగా. వేయొద్దన్నాను. ఆ 16 ఎంబీ చిప్‌లో చోటు చాలక, చాలా బోర్డుల కొత్త వెర్షన్లలో ఏ8 తరం ప్రాసెసర్ల సపోర్ట్ తీసేశారు. లేటెస్ట్ వేస్తే అతని ప్రాసెసర్ మీద డిస్‌ప్లే రాదు, నేను వెళ్ళేదాకా సిస్టమ్ ఆగిపోతుంది. అతని చేత క్యాబినెట్ తెరిపించి బోర్డు మూలన ఫొటో తీయించుకున్నాను. ఆ బోర్డు పేజీలో వెతికి, ఏ8నీ 2600నీ రెండింటినీ గుర్తుపట్టే మధ్య వెర్షన్ ఒకటి పట్టుకున్నాం. ఆదివారం వెళ్ళి మొదట అతని ఇన్వర్టర్ వెనక స్విచ్ ఎటువైపు ఉందో చూసి, ఆ మధ్య వెర్షన్ వేసి, 2600 బిగించి వచ్చాను. ఎక్స్ఎంపీ ఆన్ చేయడం అతనికే అప్పజెప్పాను.